మా పేట సినిమా హాలు ఎప్పుడు కట్టారు? నాన్న చెబుతుండగానే రాసి పెట్టుకోవాలి

పట్టాల అవతల
ఆదివారం, రాత్రి 9:10

అందరికీ నమస్కారం. ఇన్నాళ్లూ ఈ వేదికలో చదవడమే తప్ప రాయడం ఇదే మొదటిసారి.

మా నాన్న విశాఖలో కంచరపాలెం వైపు ఒక హాల్లో బొమ్మ వేసే ఆపరేటరుగా చేశారు. హాలు పేరు రాయను. స్థలం మీద వాటాదారుల గొడవ ఇంకా కోర్టులో ఉంది, నా మాట ఎవరికీ అడ్డం రాకూడదు. అటువైపు వాళ్లకి చెప్పకపోయినా తెలిసిపోతుంది. తెలిసినా దయచేసి పేరు రాయకండి.

పోయిన నెల గోడలు కొట్టేశారు. చుట్టూ రేకులు పాతారు, లోపల ఒక పొక్లెయిన్ నిలబడి ఉంది. బుకింగు గది మాత్రం ఎందుకో ఉంచేశారు. చెయ్యి పట్టేంత కన్నం, దాని కింద వేలాది చేతులు రాసుకుని నున్నబడిన సిమెంటు, అన్నీ అలాగే ఉన్నాయి.

నాన్నకి డెబ్బై ఏడేళ్లు. చూపు తగ్గింది, జ్ఞాపకం తగ్గలేదు. గోడలు పడ్డాయని విన్న రోజు అన్నం సరిగా తినలేదు. మర్నాటి నుంచి తనంతట తనే చెప్పడం మొదలుపెట్టారు, నేను నోటు పుస్తకంలో రాస్తున్నాను. ఒక్కచోట మాత్రం ముడి పడింది. తను 1962లో చేరానంటారు, పద్నాలుగేళ్లప్పుడు, రీళ్లు చుట్టే కుర్రాడిగా. మా పెదనాన్నగారి అబ్బాయేమో ఆ హాలు డెబ్బైల్లో కట్టిందే అంటాడు. గోడల కొత్త సున్నం వాసన ఆ అన్నకి గుర్తుందట.

హాలు ఎప్పుడు మొదలైందో తేల్చడానికి ఏ కాగితాలు చూడాలి? పెద్దవాళ్లు చెప్పగలరా?

---

పాత పోస్టాఫీసు
ఆదివారం, రాత్రి 10:25

మంచి పని పెట్టుకున్నావు నాయనా. ముందుగా మీ నాన్నగారికి నా నమస్కారం చెప్పు.

మన ఊళ్లో బస్సెక్కితే కండక్టరు పిలిచే పేర్లలో ఎన్ని సినిమా హాళ్లవో ఎప్పుడైనా లెక్కపెట్టారా? జగదాంబ, రామా టాకీస్, ఊర్వశి. ఇప్పటి పిల్లలకి రామా టాకీస్ అంటే కోచింగు సెంటర్లకి వెళ్లే దారి. అక్కడ బొమ్మ ఆడేదని చెబితే ఆశ్చర్యపోతారు. మనిషి పోయాక ఇంటిపేరు నిలిచినట్టు, హాలు పోయాక కూడా దాని పేరు మీదే ఉత్తరాలు వస్తున్నాయి.

ఇంకో సంగతి. సినిమా చూడడమే కాదు, తీయడం కూడా విశాఖకి పాతదే. 1933లో పోర్టు తెరిచారు. ఆ తర్వాత అయిదేళ్లకే, 1938లో, ఇక్కడి ఆంధ్రా సినీటోన్ 'భక్త జయదేవ' తీసింది. తెలుగు టాకీ పుట్టింది 1932లో అని గుర్తుపెట్టుకుంటే ఆ సాహసం ఎంతటిదో తెలుస్తుంది. 1942 ఏప్రిల్ 6న జపాను విమానాలు బాంబులు వేశాక ఊరు సగం ఖాళీ అయిందని మా అమ్మ చెప్పేది. బళ్లు కట్టుకుని పల్లెలకి పోయారట.

నీ ప్రశ్నకి వస్తాను. హాలు నడవాలంటే కలెక్టరు కచేరీ నుంచి బి-ఫారం లైసెన్సు ఉండాలి. 1955లో సినిమాల నియంత్రణ చట్టం వచ్చింది. లైసెన్సు పునరుద్ధరణకి ప్రతిసారీ భవనం గట్టితనం, కరెంటు వైరింగు, మంటలార్పే ఏర్పాట్లు తనిఖీ చేసి సర్టిఫికెట్లు జతచేస్తారు. ఆ ఫైలు దొరికితే ఏ ఏడు ఏ గోడ లేచిందో కూడా తెలుస్తుంది. సమాచార హక్కు కింద దరఖాస్తు పెట్టు. మీ నాన్నగారి జీతం పుస్తకమో, ఆపరేటరు లైసెన్సో ఇంట్లో ఉంటే ముందు అది వెతుకు.

---

మల్కాపురం
సోమవారం, ఉదయం 7:40

ఆ హాలు నాకు బాగా తెలుసు. పేరు రాయను లెండి. అది డెబ్బైల్లోదే, అనుమానం అక్కర్లేదు. నేను షిప్‌యార్డులో అప్రెంటిసుగా చేరిన కొత్తలో అటు వెళ్లేవాళ్లం. ఇటుక గోడలు, మొజాయిక్ మెట్లు, బాల్కనీకి రెక్సిన్ కుర్చీలు. అరవైల్లో పేటల్లో అలాంటి హాలు ఎక్కడిది? మీ నాన్నగారు ఏ ఏడన్నది పొరబడి ఉంటారు, పెద్దవయసు కదా. తప్పుగా అనుకోకండి.

మాకు ఏ-షిఫ్టు దిగితే ఫస్టు షో, బి-షిఫ్టు దిగితే పరుగున వెళ్తే సెకండు షో సగం. పేర్లు పడేటప్పటికి అందుకోలేకపోయినా ఫైటింగులు అందేవి. గేటు దగ్గర ఉండే ముసలాయన మా ఖాకీ బట్టలు చూసి, "ఏటర్రా, మళ్లీ లేటా" అంటూ చీకట్లో టార్చి వేసి సీటు చూపించేవాడు.

---

పట్టాల అవతల
సోమవారం, రాత్రి 8:55

పెద్దాయనకి కృతజ్ఞతలు. ఆపరేటరు లైసెన్సు వెతికాను, దొరకలేదు. హుద్‌హుద్ తుపాను రోజు మా రేకులు లేచిపోయి బీరువా తడిసింది, కాగితాలన్నీ ముద్దయ్యాయి.

మల్కాపురం గారూ, మీ మాట నాన్నకి చదివి వినిపించాను. కోపం రాలేదు. "ఆయన చూసింది నిజమే" అన్నారు, ఇంకేం చెప్పలేదు. గేటు దగ్గరి ముసలాయన మాట వినగానే మాత్రం నవ్వి, ఆయన టార్చికి బ్యాటరీలు మేనేజరు ఇచ్చేవాడు కాదని, సొంత డబ్బుతో కొనుక్కునేవాడని చెప్పారు.

ఈ రోజు నాన్న చెప్పింది యథాతథంగా పెడుతున్నాను:

"రీలు వెయ్యి అడుగులు. సెకనుకి ఇరవై నాలుగు బొమ్మలు. పదకొండు నిమిషాల్లో అయిపోతాది. రెండు రీళ్లు అతికించి ఒక స్పూలు చేస్తాం, ఇరవై రెండు నిమిషాలు. పదహారు రీళ్ల బొమ్మ అంటే ఎనిమిది స్పూళ్లు. మిషన్లు రెండు. ఒకటి ఆడుతుంటే రెండోది ఎక్కించుకుని కూచోవాలి. తెర మీద కుడివైపు పైమూల చిన్న చుక్క పడతాది. జనానికి కనబడదు, మనకి కనబడాలి. మొదటి చుక్కకి రెండో మిషను మోటారు వెయ్యాలి. ఏడెనిమిది లెక్కపెట్టేసరికి రెండో చుక్క. అప్పుడు ఇటు మూసి అటు తియ్యాలి. ఆ సందు తెలిసిందా, హాలు హాలంతా ఈల వేస్తాది.

"లైటు బల్బు కాదు, కార్బన్లు. రెండు రాగి పూత కడ్డీల్ని ఎదురెదురుగా పెట్టి ముట్టించి విడదీస్తే మధ్యలో వెలుగు పుడతాది. సూర్యుణ్ణి చూసినట్టే, నల్లద్దంలోంచి చూడాల. కడ్డీ కాలేకొద్దీ ఎడం పెరుగుతాది, దగ్గరికి జరుపుతా ఉండాల. ఏమరుపాటున ఉంటే తెర పచ్చబడిపోద్ది. వేసవిలో ఆ గదిలో బనీను కూడా ఒంటి మీద నిలవదు. ఫిలిం ఒక్క క్షణం ఆగిందా, బొమ్మ మీద బుడగలు లేచి కాలిపోతాది. అప్పుడు కత్తిరించి, పైపూత జెలటిన్ గీకి, ఫిలిం అతికించే సిమెంటు రాసి, అద్ది పట్టుకోవాల. ఊపిరి బిగబట్టి పదంకెలు లెక్కపెట్టాల."

ఇది చెబుతూ నాన్న చూపుడువేలూ బొటనవేలూ కలిపి నొక్కి పట్టుకున్నారు. పది లెక్కపెట్టేదాకా వదల్లేదు. ఆ రెండు వేళ్ల కొసలూ ఇప్పటికీ గీరుకుపోయినట్టు గట్టిగా ఉంటాయి. చిన్నప్పుడు నా బుగ్గ గిల్లితే గరుగ్గా తగిలేది ఎందుకో ఇన్నేళ్లకి తెలిసింది.

---

జాలారిపేట
సోమవారం, రాత్రి 10:05

అన్నా, చదువుతుంటే ఒళ్లు పులకరించింది. మా వాళ్లకి సినిమా అంటే వేట లేని రోజులే. ఇప్పుడు ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా వేట నిషేధం కదా, బోట్లు హార్బరులో కట్టేస్తారు. చేతిలో డబ్బుండదు గానీ టైము ఉంటుంది. అప్పో సప్పో చేసి నేల టికెట్టుకి పోయేవాళ్లం. మా అయ్యయితే తుపాను గుర్తు ఎగరేశారని తెలియగానే, "పదండెహె, ఇయ్యాల బొమ్మకి" అనేవాడు. సముద్రం కోపంగా ఉన్న రోజు హాలు నిండిపోయేది.

నేల అంటే నిజంగా నేలే. ఇసక పోసేవారు. పిల్లలం దాన్ని గుట్టలా ఎత్తు చేసుకుని కూర్చునేవాళ్లం, ముందువాడి తల అడ్డం రాకుండా. వెనకున్నవాడు ఇంకా ఎత్తు చేసుకునేవాడు. ఇంటర్వెల్లుకి గోలీ సోడా, పొట్లంలో మరమరాల మిక్చరు. పొట్లం కాగితం మీద అక్షరాలు కూడబలుక్కుని చదవడం నాకు అక్కడే వచ్చింది.

---

అల్లిపురం అమ్మాయి
మంగళవారం, మధ్యాహ్నం 1:15

అందరూ మగవాళ్లే రాస్తున్నారు, ఆడవాళ్ల వైపు నుంచి నేను చెబుతాను.

మా అమ్మా, మామ్మా ఆ హాలుకే వెళ్లేవారు. అప్పుడు మామ్మవాళ్లు రైల్వే న్యూ కాలనీలో ఉండేవారు. ఆడవాళ్లకి వేరే క్యూ, వేరే గేటు, నేల మీద మధ్యలో చెక్క అడ్డు. మ్యాట్నీ అంటే పేటలో ఆడవాళ్లందరి కలయిక. వంట పన్నెండుకే ముగించి, చంటిపిల్లని చంకనేసుకుని, మజ్జిగ సీసాతో బయల్దేరేవారు. కొత్త కోడలు అత్తగారి అనుమతితో గడప దాటగలిగిన చోట్లు రెండే, గుడీ సినిమా హాలూ అనేది మామ్మ. తెర మీద ఎవరో ఏడుస్తుంటే తన ఏడుపు కూడా ఏడ్చేసుకుని, కళ్లు తుడుచుకుని, సాయంత్రం దీపం వేళకి ఇంటికి వచ్చేదట. ఆ చీకటిని నేను చిన్నచూపు చూడలేను.

అదే హాలుకి నా తరం ఎందుకు వెళ్లడం మానేసిందో కూడా రాయాలి. తొంభైల చివరికి బాత్రూముల్లో నీళ్లు లేవు, తలుపులకి గడియల్లేవు. బ్లాకు టికెట్ల కుర్రాళ్లు ఆడవాళ్ల క్యూలోకి కూడా చొరబడేవారు. ఒకసారి వెనక సీటువాడి కాళ్లతో విసిగి నేనూ మా అక్కా సగంలో లేచి వచ్చేశాం. ఫిర్యాదు చేస్తే అక్కడున్నాయన, "ఆడపిల్లలు ఫస్టు షోకి ఎందుకొచ్చారు" అన్నాడు. ఆ మాట అన్నది ఆపరేటరు గదిలో చెమటోడ్చిన మనిషి కాదు, నాకు తెలుసు. కానీ ఆ రోజుతో మా ఇంట్లో హాలు ముచ్చట ముగిసింది. హాళ్లు మూతపడ్డాయని బాధపడేటప్పుడు, సగం జనాన్ని ముందుగానే పోగొట్టుకున్నాయన్నది మరిచిపోవద్దు.

---

గాజువాక
మంగళవారం, సాయంత్రం 6:30

అక్క చెప్పింది అక్షరాలా నిజం. నేను ఫిలిం డిస్ట్రిబ్యూషన్ ఆఫీసులో రిప్రజెంటేటివుగా పదేళ్లు చేశాను, హాలు లెక్కలు తెలుసు గనక రెండు ముక్కలు.

వీసీఆర్ వచ్చినా, కేబులు వచ్చినా పేట హాలు తట్టుకుంది. రెండో రిలీజు బొమ్మలే దాని బతుకు. జగదాంబ సెంటరులో వారాల తరబడి ఆడిన బొమ్మ నెలా నెలన్నరకి పేటకి వచ్చేది, తక్కువ టికెట్టుకి. డిజిటల్ వచ్చాక ప్రింటు అనేదే పోయింది. మొదటి రోజే అన్ని హాళ్లలో ఒకేసారి రిలీజు. మూడు రోజుల్లో డబ్బు రాబట్టుకునే వ్యాపారంలో రెండో రిలీజు అన్న మాటకి చోటే లేదు. పేట హాలు నడ్డి అక్కడ విరిగింది. మీరందరూ మల్టీప్లెక్సుల్ని అంటారు గానీ, నేనైతే దీన్నే ముందు చెబుతాను.

తర్వాత 2014 అక్టోబరు 12. హుద్‌హుద్. ఆదివారం. ఆస్బెస్టాస్ రేకుల హాళ్లన్నిటికీ ఆకాశం కనబడింది. కొత్త కప్పుకి అయ్యే ఖర్చు రెండేళ్ల వసూళ్లని మింగేస్తుంది. 2020 మార్చిలో కరోనాకి తాళాలు పడ్డాయి. 2021 ఏప్రిల్లో ప్రభుత్వం టికెట్టు రేట్లు ఖరారు చేస్తే, నగరంలోనే ఏసీ లేని హాల్లో అట్టడుగు తరగతి 20 రూపాయలు. 2022 మార్చిలో మార్చారు గానీ, అప్పటికే చాలామంది చేతులెత్తేశారు. మెట్రో, ఫ్లైఓవరు మాటలు మొదలైన రోడ్డు పక్కన ఎకరం స్థలం ఉన్నవాడు బొమ్మ ఎందుకు వేస్తాడు చెప్పండి? నేను ఎవర్నీ తప్పుపట్టలేను.

---

అల్లిపురం అమ్మాయి
బుధవారం, ఉదయం 9:20

పట్టాల అవతల గారూ, మీకోసం ఒకటి దొరికింది!

నిన్న రాసిన తర్వాత మామ్మ పారాయణ పుస్తకం తీశాను. మధ్యలో గుర్తుకి పెట్టుకున్న సినిమా టికెట్టు ముక్క ఉంది. సగం చిరిగింది. మీ హాలు పేరు స్పష్టంగా ఉంది. కింద "పన్నుతో సహా 25 న.పై." అని అచ్చు. ఆఫీసు స్కానరులో నలుపు తెలుపుల్లో తీసి, పేరు కనబడకుండా మూసి జతచేశాను.

"న.పై." అంటే ఏమిటో నాకు తెలియలేదు.

---

పాత పోస్టాఫీసు
బుధవారం, ఉదయం 11:05

అమ్మా, నువ్వు బంగారం దొరకబుచ్చుకున్నావు. న.పై. అంటే నయా పైసలు. 1957 ఏప్రిల్ 1న దశాంశ నాణేలు వచ్చాయి. అంతకు ముందు రూపాయికి పదహారు అణాలు, అణాకి నాలుగు పైసలు. పాత పైసతో కలిసిపోకుండా కొత్తదాన్ని నయా పైస అన్నారు. జనానికి అలవాటయ్యాక, 1964 జూన్ 1 నుంచి 'నయా' తీసేసి వట్టి పైస అన్నారు. 25 నయా పైసలంటే పావలా. నేల టికెట్టు.

అంటే ఆ ముక్క 1957కీ 1964కీ మధ్యది. హాలు డెబ్బైల్లో పుట్టలేదు. నాయనా, మీ నాన్నగారి మాటే నిలిచింది.

---

మల్కాపురం
బుధవారం, మధ్యాహ్నం 2:50

పెద్దాయన మాట కాదనను గానీ, ఒక్క సందేహం. టికెట్టు పుస్తకాలు వేల లెక్కన అచ్చేయించేవారు. మిగిలిపోయినవి 1964 తర్వాత కూడా వాడి ఉండొచ్చు. 1957 తర్వాతదని ఖాయంగా చెప్పొచ్చు, 1964 లోపుదని చెప్పలేం. పైగా నా కళ్లతో చూసిన కొత్త భవనం సంగతేంటి?

---

గాజువాక
బుధవారం, సాయంత్రం 5:15

మల్కాపురం గారి మాటలో పస ఉంది. కానీ పన్నుతో కలిపిన రేటు అచ్చయింది చూడండి. వినోదపు పన్ను మారినప్పుడల్లా పాత పుస్తకాలు పనికొచ్చేవి కావు, అధికారులు సీలు వేసేవారు కాదు. ఎన్నో ఏళ్లు దాచి వాడడం కుదిరేది కాదు. మహా అయితే కొన్నాళ్లు అటూ ఇటూ.

---

పట్టాల అవతల
బుధవారం, రాత్రి 9:45

ఈ రోజంతా చేతులు వణుకుతూనే ఉన్నాయి. అల్లిపురం గారూ, మీకు ఎలా కృతజ్ఞత చెప్పాలో తెలియడం లేదు.

నాన్నని కూర్చోబెట్టి, టికెట్టు సంగతి చెప్పకుండా, "ఇటుక హాలు ఎప్పుడు కట్టారు?" అని అడిగాను. అప్పుడు విప్పారు ముడి. తను చేరినప్పుడు అది రేకుల షెడ్డు. వెదురు తడికల గోడలు, వానొస్తే రేకుల చప్పుడుకి మాటలు వినబడేవి కావు. ఇటుక గోడలు 1974లో లేచాయి. కారణం కూడా చెప్పారు. తెలుగులో మొదటి సినిమాస్కోపు 'అల్లూరి సీతారామరాజు' వస్తోంది, మన ఏజెన్సీ (మన్యం) కథ, జనం విరగబడతారని తెలుసు. పాత తెర చతురస్రానికి దగ్గరగా ఉండేది, స్కోపుకి అది చాలదు. ఎత్తుకి రెండింతల కంటే వెడల్పు కావాలి. తెర వెడల్పు చెయ్యాలంటే షెడ్డు సరిపోదు. అందుకని షెడ్డు పడగొట్టి, అదే స్థలంలో హాలు కట్టారు. మిషను ముందు తగిలించే స్కోపు లెన్సు వచ్చిన రోజు కొబ్బరికాయ కొట్టారట.

మల్కాపురం గారూ, మీరు చూసింది ఆ హాలే. మా అన్నకి గుర్తున్న సున్నం వాసనా అదే. నాన్న మొదటి రోజు "ఆయన చూసింది నిజమే" అన్నది ఇందుకే. నేనే ఆగి అడగలేదు.

షెడ్డు రోజుల సంగతి ఇంకోటి. ఒకే ప్రింటు రెండు హాళ్లు పంచుకునేవి, గంట తేడాతో. రీళ్లు సైకిలు మీద మోసేది నాన్నే. ఒక రాత్రి రైల్వే గేటు పడింది. గూడ్సు బండి వచ్చి అక్కడే ఆగిపోయింది. ఇటు హాల్లో రీలు అయిపోవస్తోంది. నాన్న సైకిలు అక్కడే పడేసి, రెండు రీళ్ల డబ్బాలూ భుజాన వేసుకుని, వ్యాగన్ల మధ్య కప్లింగు కింద నుంచి దూరి పరుగెత్తారు. హాల్లో అప్పటికే ప్రభుత్వ వార్తాచిత్రం రెండోసారి వేశారు, సబ్బుల స్లైడ్లూ అయిపోయాయి, జనం కుర్చీలు కొడుతున్నారు. ఈయన ఎక్కించాక బొమ్మ పడింది. మర్నాడు మేనేజరు ఆలస్యానికని అర్ధ రూపాయి కోశాడట. అరవై ఏళ్లు దాటింది, ఆ అర్ధ రూపాయి సంగతి చెప్పేటప్పుడు గొంతు ఇంకా మారుతుంది.

ఇక చివరికి టికెట్టు సంగతి చెప్పాను. పావలా, న.పై. అని చదివాను. నాన్న కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "గులాబీ రంగుదేనా?" అన్నారు. నేలకి గులాబీ, బెంచీకి ఆకుపచ్చ, కుర్చీకి తెలుపు అట. గేటు దగ్గరి ముసలాయనకి చదువు రాదు కాబట్టి రంగులు పెట్టారని చెప్పారు.

మీరు పెట్టిన స్కాను నలుపు తెలుపు. రంగు నాకూ తెలియదు. దయచేసి చూసి చెప్పండి.

---

అల్లిపురం అమ్మాయి
బుధవారం, రాత్రి 9:52

గులాబీ. అంచులు వెలిసిపోయాయి, కానీ పుస్తకం మడతలో ఉన్న వైపు ఇంకా బాగా గులాబీగానే ఉంది.

---

మల్కాపురం
బుధవారం, రాత్రి 10:10

ఆపరేటరు గారికి నా తరఫున క్షమాపణ చెప్పండి. ఆ గేటు దగ్గరి ముసలాయన పేరు ఏమిటో కూడా అడగండి, ఇక్కడ రాయకపోయినా మీ పుస్తకంలో రాయండి. రెండేళ్లు నాకు చీకట్లో దారి చూపించాడు, పేరు అడగలేదు.

---

పట్టాల అవతల
గురువారం, ఉదయం 6:30

అడిగాను. రాశాను.

అల్లిపురం గారూ, ఈ ఆదివారం మీకు వీలైతే నాన్నని తీసుకుని వస్తాను. కళ్లకి కనబడకపోయినా ఆ ముక్క ఒకసారి వేళ్లతో పట్టుకుంటానంటున్నారు.